అంచుల్లో రాసిన పేర్లు

వేరుశనగ పొట్లం విప్పిన నెరైదాకు ఆ కాగితం అంచున పెదనాన్న చేతిరాత కనిపించింది.

ఊదా సిరా. కంటికి ఎదురుగా పెట్టుకుంటే అంతా పొగ. కాగితాన్ని చెవి పక్కకు జరిపి, ఓరగా చూస్తూ చదివింది. "తొమాసా. కాంగో నుంచి. పదిహేడేళ్లు. కలరా." మిగిలిన ముక్క చిరిగిపోయింది.

చేతిలోని గింజలు రోడ్డు మీద రాలాయి. వంతెన మీద నడుస్తున్న ఇద్దరు పెద్దమనుషులు వంగి ఏరుకున్నారు. ఆ కరువు ఏడాది, తొంభైమూడులో, మతాన్సాస్ ఊళ్లో కిందపడ్డ గింజను వదిలేసే మనిషి లేడు.

"జొరైదా అక్కా, ఈ కాగితం ఎక్కడిది?"

"గింజలు మాడాయంటే చెప్పు, మార్చి ఇస్తా. కాగితంతో నీకేం పని తల్లీ, చదువుకుంటూ తింటావా?" అంది వేరుశనగలమ్మే జొరైదా.

"ఎవరిచ్చారు?"

"దినపత్రికలో చుడితే సిరా అంటుకుని గింజలు బొగ్గుల్లా అవుతాయి. ఇది పాతకాలం సరుకు. దళసరి. చరిత్ర పుస్తకాన్ని మించిన పొట్లం లేదమ్మా!"

"అక్కా, నీ కాళ్లు పట్టుకుంటా."

జొరైదా నవ్వు ఆగిపోయింది. "చెప్పనని మరియమ్మ మీద ఒట్టేశాను. నన్నడక్కు."

నెరైదా బుట్టలో ఉన్న పొట్లాలన్నీ విప్పించింది. తనదానితో కలిపి పద్నాలుగు కాగితాలు. నౌకాశ్రయాల చరిత్ర, జ్వరాల చరిత్ర, చర్చి చట్టాలు, చెరకు రైళ్లు. అన్నీ పెదనాన్న ఎవేలియో పుస్తకాలే. జొరైదా గింజలన్నీ ఒళ్లో పోసుకుని కూర్చుంది.

సాంతా ఎదువిహెస్ చెరకు మిల్లుకని తెచ్చాక చచ్చిపోయిన నాలుగు వందల పన్నెండు మంది బానిసల పేర్లు ఒక చర్చి రిజిస్టరులో ఉండేవి. అక్కడి ముసలి ఫాదర్ కాగితాలు లోపలికి తేనిచ్చేవాడు కాదు. చేతిలో పుస్తకం ఉంటే మాత్రం ఏమనేవాడు కాదు. అందుకని ఎవేలియో రోజుకో పుస్తకం పట్టుకెళ్లి దాని అంచుల్లో రాసుకొచ్చేవాడు. జబ్బుతో పోయినవాళ్లు జ్వరాల చరిత్రలో, కొరడా దెబ్బలతో పోయినవాళ్లు చట్టాల పుస్తకంలో, ఓడ దిగుతూనే పోయినవాళ్లు నౌకాశ్రయాల పుస్తకంలో. తర్వాత తుపానుకు చర్చి కప్పు కూలింది, రిజిస్టరు బురదైంది. ఇక ఆ మనుషులు పుట్టి చచ్చినట్టు ఈ లోకంలో ఉన్న ఆధారం ఆ అంచులొక్కటే. ఆ పేర్లన్నీ వరసగా టైపు చేసి గ్రంథంగా తేవడం నెరైదా పని. ముప్ఫై ఒక్క పేర్లు టైపు చేసేసరికి తిండి లేక ఊళ్లో చాలామందికి వచ్చిన కళ్ల జబ్బే ఆమెకూ వచ్చింది. కళ్లు బాగయ్యాక మళ్లీ మొదలుపెట్టు, పుస్తకాలు ఎక్కడికీ పోవుగా అన్నాడు పెదనాన్న.

ఆమె ఇంటి మెట్లు ఎక్కేసరికి ఆయన బాల్కనీలో, చక్రాల కుర్చీలో కునుకుతున్నాడు. నెరైదా చప్పుడు చేయకుండా లోపలికి వెళ్లింది. అలమరాల్లో పుస్తకాలు రెండు వరసలు. ముందు వరస ఎప్పటిలాగే నిండుగా ఉంది. చెయ్యి వెనక్కి పోనిచ్చింది. గోడ తగిలింది. పక్క అరలో, ఆ కింద అరలో, అన్నింట్లోనూ గోడే తగిలింది.

తలుపు తాళం చెక్కుచెదరలేదు. రెండో తాళంచెవి ఉన్నది ఒక్కడి దగ్గరే, ఎదురింటి వెన్సెస్లావో, ఎవరింట్లో ఏం జరిగినా ప్రభుత్వానికి రాసే సందు కమిటీ పెద్ద. వెళ్లి అతని తలుపు దబదబా బాదింది.

"మా ఇంట్లో పుస్తకాలేం చేశావు?"

"నేనా? ఆరో క్లాసులో పుస్తకం మూసినవాణ్ణి, మళ్లీ తెరిస్తే ఒట్టు." ఆమె ముఖం చూసి గొంతు తగ్గించాడు. "చూడమ్మాయ్, మీ గడప దాటి పుస్తకం పోవడం నేను చూళ్లేదు. మీ బాల్కనీ నుంచి తాడు కట్టిన బుట్ట దిగడం చూశాను. ప్రతి ఇంటి బుట్టా దిగుతుంది, ఎక్కుతుంది. మీ బుట్ట మాత్రం బరువుగా దిగి తేలిగ్గా ఎక్కుతుంది. గుడ్లు ఉంటాయి పైకొచ్చేటప్పుడు. పైవాళ్లకు రాయాల్సింది, రాయలేదు. అంతకంటే నన్నేం అడగకు."

గుడ్లు. పాత శిష్యుడు పల్లె నుంచి పంపుతున్నాడని పెదనాన్న చెప్పిన గుడ్లు. నాలుగు నెలలుగా ఆమె తిన్న గుడ్లు, గింజలు, కాస్తంత పంది కొవ్వు. పోయిన వారమే డాక్టరు, పొగ పలచబడుతోంది, తిండి ఆపితే మళ్లీ కమ్ముకుంటుంది అన్నాడు.

ఆమె వెనక్కి వచ్చి పద్నాలుగు కాగితాలూ పెదనాన్న ఒళ్లో పెట్టింది, తొమాసా కాగితం పైన. ఆయన పైదొక్కటే చదివాడు.

"నేనే," అన్నాడు ఎవేలియో. "వెన్సెస్లావోను తిట్టి ఉంటావు, వెళ్లి క్షమాపణ చెప్పు. మొదట్లో నా రాత లేని పుస్తకాలే దింపాను. అవి మార్చికి అయిపోయాయి, ముందు వరసలోవి పల్చటి కాగితం, జొరైదాకు పనికిరావు. తర్వాత చట్టాల పుస్తకం. దింపే ముందు పేర్లన్నీ కంఠతా పట్టాను. రోజూ పొద్దున్నే వల్లె వేసుకునేవాణ్ణి. బుర్రలో భద్రంగా ఉంటాయిలే, నీ కళ్లు బాగయ్యాక చెప్తాను, నువ్వు టైపు చేస్తావు అనుకున్నాను. ఎంత పిచ్చివాణ్ణి! నిన్న వల్లె వేస్తే పంతొమ్మిది పేర్లు వచ్చాయి. ఇవాళ పదకొండు. ఆ తొమాసా నాకు గుర్తే లేదు, అమ్మాయ్. నువ్వు ఆ కాగితం తేకపోతే అలాంటి పిల్ల ఉందనే తెలియదు. ఆ మనుషుల్ని మిల్లు ఒకసారి చంపింది, వాన ఒకసారి చంపింది. మూడోసారి చంపింది నేను, గుడ్ల కోసం. తెలిసే చేశాను. నీకు చెప్తే తినేదానివి కాదు, అందుకే చెప్పలేదు. తప్పా అని అడిగితే తప్పే. మళ్లీ చేస్తావా అంటే, పేర్లున్న పుస్తకాల్లో జ్వరాల చరిత్ర రెండో సంపుటం ఒక్కటే మిగిలింది, నా దిండు కింద ఉండేది. జొరైదా నాలుగింటికి వస్తుంది. బుట్టలో పెట్టేశాను."