పాయింట్ కుక్ తొలి క్యాచర్

తెల్లవాళ్ళ దేశంలో, పాయింట్ కుక్ అనే ఊళ్ళో ఆడవాళ్ళ బేస్‌బాల్ జట్టు పెట్టిన ఏడాది క్యాచర్ పనికి ఎవరూ ముందుకు రాలేదు. బ్యాట్ పట్టినామె వెనక గొంతుక్కూర్చుని, వచ్చిన ప్రతి బంతినీ పట్టాలి. మిగతావాళ్ళకు పది నిమిషాలకే మోకాళ్ళు పట్టేశాయి. రేపల్లె నుంచి వచ్చిన ప్రిస్సిల్లా మాత్రం చేపలు తోముతున్నంత తాపీగా కూర్చుంది. అప్పటికే నలభై ఏళ్ళ మనిషి. ఆరేళ్ళలో రెండు వేళ్ళు విరిగి అతుక్కున్నాయి గానీ, ఆ చోటు ఇంకెవరికీ దక్కలేదు.

అంత పేరూ అత్తగారి వల్ల పోబోయింది.

అత్తగారు రూతమ్మ రేపల్లెలో ముప్పై ఏళ్ళు హెడ్మిస్ట్రెస్. ప్రిస్సిల్లా ఆవిడ బళ్ళో చదువుకున్న పిల్లే, తర్వాత ఆ ఇంటి కోడలయింది. ఆవిడ కనబడితే లేచి నిలబడటం కాళ్ళకు వచ్చిన పాఠం, బుర్రతో పనిలేదు. సెమీఫైనల్ చివరి విడతలో, జట్టు రెండు పరుగులు ముందుండగా, ఊరి నుంచి చూడ్డానికొచ్చిన ఆవిడ, కొడుకు రత్నరాజుతో, అంటే ప్రిస్సిల్లా మొగుడితో, కంచె పక్కన నడిచొచ్చింది. ప్రిస్సిల్లా చటుక్కున లేచింది. బంతి కాళ్ళ కిందుగా వెనక్కి పోయింది, అవతలి జట్టుకు ఒక పరుగు వచ్చింది.

మళ్ళీ లేస్తే నీ బదులు బెంచీ మీదున్న అపూర్వను దింపుతానని కోచ్ కేకేసింది. అపూర్వ అప్పుడే మోకాళ్ళకు రక్షణ తొడుగులు బిగిస్తోంది. బ్యాట్‌కు తగలని బంతి ఇంకొక్కటి పట్టుకుంటే గెలుపు, ఫైనల్. వదిలితే, బేసుల మీద కాచుకున్న అవతలి జట్టు ఇద్దరూ చివరి బేసు చేరి రెండు పరుగులు తీస్తారు, ఆట పోతుంది. ప్రిస్సిల్లా కూర్చోబోయింది. ఎదురుగా అత్తగారు నిలబడే ఉంది. మోకాళ్ళు వంగితే కదా.

"ఏవిట్రా, అలా నిలబడిపోయింది?" అంది రూతమ్మ.

"నువ్వు నిలబడుంటే అది కూచోలేదమ్మా. ఇందాక బంతి పోయిందీ అందుకే," అన్నాడు రత్నరాజు.

"ఆటలో కూడానా? పిచ్చి మొహం."

చర్చి ప్రార్థనలో సైతం కుర్చీ దిగి మోకరించని డెబ్భై ఒక్కేళ్ళావిడ, కుచ్చిళ్ళు ఎత్తిపట్టి, అంతమంది మధ్య గడ్డిలో గొంతుక్కూర్చుంది. తరగతిలో పిల్లలకు చేసినట్టే అరచెయ్యి కిందికి దించి కోడలికి సైగ చేసింది. కూర్చో.

ప్రిస్సిల్లా కూర్చుంది. బంతి పక్కకు తిరుగుతూ వచ్చింది. బ్యాట్ గాలిని కొట్టింది. బంతి గ్లవ్‌లో పడి ఆగింది, ఆట ముగిసింది.

జట్టంతా మీద పడుతుంటే విడిపించుకుని ప్రిస్సిల్లా కంచె దగ్గరికి పరుగెత్తింది. రూతమ్మ గడ్డిలోనే ఉంది. "మై స్టూడెంట్" అని పక్కనున్న తెల్లావిడకు చెబుతోంది. కోడలని చెప్పలేదు. ఆరేళ్ళ ఆటలో ఏ కప్పుకూ పొంగనంతగా ప్రిస్సిల్లా గుండె పొంగింది.

"ముప్పై ఏళ్ళు నన్ను చూసి అందరూ లేచారు," అంది రూతమ్మ, చెయ్యి చాపి. "నువ్వు లేవకపోతేనే నాకు బావుందే. పట్టు, నన్ను లేపు."