హ్వాపో కబురు

సముద్రం పాటు మీద ఉంది. నీళ్ళు దూరంగా జరిగిపోయి, బురద పర్రంతా నల్లగా నిగనిగలాడుతోంది. మేం ఆడవాళ్ళం మోకాళ్ళ లోతు బురదలో గుల్లలు తవ్వుతున్నాం. కరకట్ట కంపెనీ కాపలావాళ్ళు గట్టు దిగి వచ్చారు.

"ఇది కంపెనీ జాగా. లేవండి."

మాల్సూన్ అవ్వ నడుమెత్తలేదు. "మీ కంపెనీ పుట్టకముందు నుంచీ తవ్వుతున్నాన్రా. పక్కకి జరుగు, నీ నీడ పడుతోంది" అంది.

వాళ్ళలో ఒకడు ఆమె బుట్టని తన్ని, ఒలికిన గుల్లల్ని బూటుకాళ్ళతో నలగ్గొట్టాడు. అవ్వ అడ్డం పడబోతే చెయ్యి పట్టి వెనక్కి మెలితిప్పాడు. ఎముక విరిగిన చప్పుడు మా అందరికీ వినబడింది.

గట్టు మీద ఉన్న పియో దొక్సుకీ వినబడే ఉంటుంది. కంపెనీ మేనేజరు గూ గారి ఫోటో తియ్యడానికి వచ్చాడాయన. కెమెరా ఇటు తిప్పి ఒక్కసారి నొక్కాడు. తర్వాత తల దించుకుని వెళ్ళిపోయాడు.

దొక్సు మా హ్వాపో రేవులో పెళ్ళిపత్రికలు, చావు కబుర్లు అచ్చువేసేవాడు. సియోల్‌లో విద్యార్థులు వీధుల్లో దెబ్బలు తిని సైనిక ప్రభుత్వం మెడలు వంచాక, చిన్న ఊళ్ళకీ పత్రికలు వచ్చాయి. అప్పుడు మొదలుపెట్టాడు 'హ్వాపో కబురు'. వారానికో సంచిక. ఎవరికి మనవడు పుట్టాడు, పడవ ఎప్పుడు కదులుతుంది, బడి పిల్లల పరుగు పందెంలో ఎవరు గెలిచారు. చివరి పేజీ నిండా కంపెనీ ప్రకటన. సముద్రానికి అడ్డంగా రెండు వైపుల నుంచి కట్ట వస్తోందనీ, మధ్య సందు మూసుకుపోతే పర్ర చచ్చిపోతుందనీ అందులో ఎప్పుడూ రాలేదు.

ఆ సాయంత్రం చేపల బజారులో మేం ఆయన్ని చుట్టుముట్టాం.

"ఫోటో తీశావుగా పియో అన్నా, వేస్తావా?" అనడిగాను.

ఆయన కెమెరాని సంచిలోకి తోశాడు.

"ఎందుకు వేస్తాడే ఇన్‌బూన్, కంపెనీ మెతుకు నోట్లో ఉంటే నోరెలా తెరుస్తాడు?" అంది ఒకామె.

"అది పత్రికటే? నేను చేపలు చుట్టే కాయితం!"

"చుట్టకే. చేపలు కంపు కొడతాయి."

అందరూ నవ్వారు. ఆయన ముఖం కందగడ్డయింది. కట్టు కట్టుకుని మూల కూర్చున్న మాల్సూన్ అవ్వ మాత్రం నవ్వలేదు. "నాకు చదువు రాదు బాబూ. నువ్వేం రాసినా నాకు తెలీదు. కానీ నువ్వు చూశావు" అంది.

ఆ వారం మొదటి పేజీ నిండా అవ్వ ముఖం. కింద ఒకటే ముక్క: "ఈమె చెయ్యి విరిచిందెవరు?"

మేనేజరు గూ పళ్ళబుట్టతో దొక్సు ఇంటికి వెళ్ళాడు. ఆయన భార్య మ్యోంగ్‌జా తర్వాత మాకు చెప్పింది. గూ నవ్వుతూనే మాట్లాడాడట. "పియోగారూ, ఊరు బాగుపడుతుంటే మీరు బురద చల్లుతారేంటి? మీకు కడుపులో పుండు కదా, ఒళ్ళు చూసుకోండి." తన జబ్బు వాడికెలా తెలిసిందని దొక్సు ఆలోచనలో పడ్డాడట.

ప్రకటన పోయింది. పత్రిక అచ్చువేసే పట్నం ప్రెస్సు, మిషను పాడైందని కబురు పెట్టింది. దొక్సు అచ్చు దుకాణం ఎదురుగా బూడిదరంగు కారు ఒకటి ఆగడం మొదలైంది. అందులోంచి ఎవరూ దిగేవారు కాదు. ఫోను మోగేది, ఎత్తితే అవతల ఊపిరి మాత్రం వినబడేది.

దొక్సు చావు కబుర్లు అచ్చువేసే పాత మిషను మీదే పత్రిక వేశాడు. చేపల వేలంపాట షెడ్డులో చదువు వచ్చినవాళ్ళు చదివేవాళ్ళు, రానివాళ్ళు వినేవాళ్ళు. "సముద్రాన్ని పూడ్చి తీసే భూమి ఎవరికి? జాలరులకా, సియోల్ దొరలకా?" అని ప్రతి సంచికలోనూ అడిగాడు. జిల్లా కచేరీ జవాబివ్వలేదు. దాంతో మాకు జవాబు తెలిసిపోయింది.

మా ఇంట్లోనూ యుద్ధమే. నా మొగుడు చాంగ్‌మాన్ కంపెనీ రాళ్ళ లారీ తోలేవాడు.

"ఆ కాయితం ఇంట్లోకి తేకు. నా పని పోతుంది" అన్నాడు.

"నా పర్ర పోతోంది. అది పని కాదా?"

"పర్ర ఎలాగూ పోతుందే!"

"పోతుందా? నువ్వు పోగొడుతున్నావా?"

వాడు గిన్నె తోసేసి బయటికి వెళ్ళిపోయాడు.

సందు సన్నబడుతూ వచ్చింది. పోటు నీళ్ళు ఇదివరకటిలా పరిగెత్తి రావడం లేదు, రోగిష్టివాడిలా ఈడ్చుకుంటూ వస్తున్నాయి. సందు మూసే రోజు మంత్రి వస్తాడని తెలిసింది. "ఆ రోజు అందరం కట్ట మీదికి" అని దొక్సు పెద్ద అక్షరాలతో అచ్చువేశాడు. గుల్లల బుట్టల అడుగున పెట్టుకుని ఆ కాయితాలు మేమే రేవులన్నిటికీ పంచాం.

ముహూర్తం రోజు ఇంకా రాకముందే, కట్ట కింద రాళ్ళలో దొక్సు దొరికాడు. పక్కనే ఆయన మోటారుసైకిలు. తాగి పడ్డాడని పోలీసులు రాసుకున్నారు. కడుపులో పుండుతో ఏళ్ళ తరబడి బార్లీ నీళ్ళు తప్ప ముట్టని మనిషి! దుకాణానికి సీలు వేశారు. తొందరగా పాతిపెట్టమని మ్యోంగ్‌జా మీద ఒత్తిడి తెచ్చారు.

"అలాగే" అంది మ్యోంగ్‌జా. "మంత్రిగారు వచ్చే రోజే పాడె ఎత్తుతాం."

ఆ రోజు ఊరంతా తెల్లబట్టలు కట్టింది. గంట వాయించే పెద్దాయన ముందు నడుస్తూ పాట ఎత్తుకుంటే, పాడె మోసేవాళ్ళు వంత పాడారు. కొండ మీది శ్మశానం దారి మలుపులో మ్యోంగ్‌జా పాడెకి ఎదురెళ్ళి నిలబడింది.

"కొండకి కాదు. కట్ట మీదికి తిప్పండి."

ఒక్క క్షణం గంట ఆగింది. మాల్సూన్ అవ్వ ముందుకొచ్చి, బాగున్న చేత్తో పాడె కర్ర పట్టుకుంది. "ఏం చూస్తున్నార్రా? ఆవిడ చెప్పింది వినబళ్ళేదా?"

పాడె తిరిగింది.

కట్ట దారిలో రాళ్ళ లారీలు బారులు తీరి ఉన్నాయి. అన్నిటికంటే ముందున్నది చాంగ్‌మాన్‌ది. మేం పాడెని దాని ముందు దించి చుట్టూ కూర్చున్నాం. గూ పరిగెత్తుకొచ్చాడు.

"శవంతో రాజకీయమా? తొలగించండి! డ్రైవర్, పోనీ!"

చాంగ్‌మాన్ అద్దంలోంచి నన్ను చూశాడు. నేనూ చూశాను. బతిమాలలేదు. వాడు ఇంజను ఆపేసి, తాళంచెవి తీసి, కిటికీలోంచి సముద్రంలోకి విసిరేశాడు. వెనక లారీలు హారన్లు కొట్టాయి, తర్వాత ఒక్కొక్కటే ఆగిపోయాయి.

అప్పటికే డాళ్ళూ లాఠీలూ పట్టుకుని పోలీసులు బస్సులు దిగుతున్నారు. ఇన్‌స్పెక్టర్ మైకు బాకా ఎత్తాడు. "ఈ సభ పెట్టిందెవరు? లేచి నిలబడండి!"

మ్యోంగ్‌జా పాడె మీద చెయ్యి వేసింది. "ఈయనే. లేపుకోండి."

బాకా దిగింది. ఎవరూ కదల్లేదు. లాఠీలు మా మీదికి రావడానికి ఇంకా కాసేపు ఉంది. ఇది వింటున్న తమ్ముళ్ళూ, చెల్లెళ్ళూ, తర్వాత ఎన్ని తలలు పగిలాయో, ఎంతమందిమి జైలుకి వెళ్ళామో ఇంకోసారి చెబుతాను. ఆ రోజు మాత్రం సందు మూతపడలేదు. మేం కూర్చునే ఉన్నాం. మా పక్కనుంచి, ఆ ఇరుకు సందులోంచి, పోటు నీళ్ళు పర్ర మీదికి వచ్చాయి.