రాహేలు రాయని మగవాడు

పలక అనగానే మీకు నల్లరాయీ సుద్దముక్కా గుర్తుకొస్తాయి. నేను ఆ జాతిదాన్ని కాదు. నేను ఒక బ్రెయిలీ పలకను. రెండు అల్యూమినియం రేకులు, వాటిని పుస్తకం అట్టల్లా కలిపే ఒక బందు, అంతే నా ఒళ్ళు. పై రేకు నిండా వరసగా చిన్న కిటికీలు, ఒక్కో కిటికీ అడుగున ఆరేసి గుంటలు. మధ్యలో దళసరి కాగితం పెట్టి చెక్కపిడి ఉన్న సూదితో పొడవాలి. కుడి నుంచి ఎడమకు పొడుచుకుంటూ పోయి కాగితం తిరగేస్తే, చుక్కలు ఉబ్బి వేలికి అందుతాయి.

ఉత్తరాదిన ఎక్కడో కొండల మధ్య ఊళ్ళో నన్ను తయారుచేశారు. గుంటలన్నీ సరిగ్గా పడ్డాయో లేదో చూడాల్సిన ఉద్యోగి నన్ను కంటితో చూసి పెట్టెలో పడేశాడు. వేలితో తడిమి చూడాలని అతనికి తోచలేదు. లోకం తీరు నాకు అక్కడే కొంత తెలిసింది.

రైల్లో ఒంగోలు దాకా వచ్చి, ఒక మిషన్ వాళ్ళ అంధుల బడిలో చేరాను. ముగ్గురు నలుగురు పిల్లలు నా మీద ఎక్కాలు రాశారు. తర్వాత రాహేలు చేతికి వచ్చాను. ఆమెది చీరాల దగ్గరి పల్లె. తండ్రి చెప్పులు కుట్టేవాడు. ఐదేళ్ళప్పుడు తట్టు పోసి చూపు పోయింది. మాదిగపల్లె నుంచి ఆస్పత్రికి తీసుకుపోవడానికి ఊళ్ళో ఎవరూ బండి కట్టలేదని, మూడోనాడు తండ్రే భుజాన వేసుకుని నడిచాడని ఆమె నా మీద రాసిన మొదటి కవితలో ఉంది. ఆ కవిత రాసేనాటికి ఆమెకు పంతొమ్మిదేళ్ళు. సూది గుచ్చిన గుచ్చుకు కాగితం చిల్లులు పడింది.

చదువయ్యాక ఒక సర్కారు ఆఫీసులో టెలిఫోను ఆపరేటరుగా ఉద్యోగం వచ్చింది. అక్కడి గుమాస్తాలకు ఒక ధర్మసందేహం ఉండేది. ఈమె ఎస్సీ కోటాలో వచ్చిందా, గుడ్డివాళ్ళ కోటాలో వచ్చిందా అని. ఆమెకు వినపడేలానే చర్చించుకునేవారు. చూపు లేనివాళ్ళకు చెవులు కూడా ఉండవని చాలామంది నమ్మకం.

మస్తాన్‌బీ పక్క వాటాలో ఉండేది. దూదేకుల మనిషి. మొగుడు వదిలేసి ఎనిమిదేళ్ళు. పొగాకు కంపెనీలో ఆకు గ్రేడింగు చేసేది. మొదట రాహేలుకు నీళ్ళు తెచ్చిపెట్టింది, తర్వాత బస్టాండు దాకా తోడొచ్చింది, ఏడాది తిరిగేసరికి రెండు వాటాలకు ఒకే పొయ్యి అయింది. వీధిలో ఎవరూ తప్పు పట్టలేదు. పైగా మెచ్చుకున్నారు. గుడ్డిదానికి తోడుగా ఉంటోంది, ఎంత పుణ్యమో అన్నారు. ఇద్దరు ఆడవాళ్ళు ఒకే మంచం మీద పడుకుంటే లోకానికి అనుమానం రాకుండా ఉండాలంటే, ఇద్దర్లో ఒకరికి కళ్ళు లేకపోతే చాలు. తొమ్మిదేళ్ళు ఆ పుణ్యం కిందే వాళ్ళు తలదాచుకున్నారు.

సాయంత్రాలు రాహేలు నా మీద రాసేది. మస్తాన్‌బీకి చదువు రాదు. రాహేలు వేలితో చదివి వినిపిస్తే, బియ్యం ఏరుకుంటూ ఊఁ కొట్టేది. ఒక కవిత ఇలా మొదలవుతుంది:

పొగాకు వాసన ముందు వచ్చింది
వెనకాల అది వచ్చింది
నా చేతులు లేచి నిలబడ్డాయి

వాసనకూ మనిషికీ ఒకే క్రియ. రెండూ ఒకటేనన్నట్టు. అది విన్న రోజు మస్తాన్‌బీ చేట పక్కన పెట్టి, ఇంత వాసనొస్తానా నేను అని అడిగింది. ఆ తర్వాత చాలాసేపటి దాకా బియ్యం ఏరలేదు.

దేవసహాయం గారు కాలేజీ లెక్చరరు. మాదిగపల్లెల మీద దాడులు జరిగినప్పుడల్లా ముందు నడిచిన మనిషి, రెండుసార్లు దెబ్బలు తిన్నాడు కూడా. రాహేలు కవితలు నాలుగు తన పత్రికలో వేసి, పుస్తకం తెద్దామని ఆయనే పట్టుబట్టాడు. మూడు ఆదివారాలు ఇంటికి వచ్చి కూర్చున్నాడు. ఆమె వేలితో చదువుతుంటే ఆయన అచ్చు అక్షరాల్లో రాసుకున్నాడు. ముప్పై ఒక్క కవితలు. వాటిలో పన్నెండు మస్తాన్‌బీ మీద రాసినవి. ఆ పన్నెండూ వచ్చినప్పుడు ఆయన కలం కాస్త ఆగి మళ్ళీ కదిలేది. కాగితం మార్చుకోవడానికి ఆగుతున్నాడనుకున్నాను నేను.

పుస్తకావిష్కరణ సభకు మూడు రోజుల ముందు ఐదు ప్రతులు ఇంటికి వచ్చాయి. రాహేలు అట్ట తడిమింది. మస్తాన్‌బీ ఒక ప్రతిని ముక్కు దగ్గర పెట్టుకుని సిరా వాసన చూసింది. వీధిలో ఎవరిచేతనైనా చదివించుకోవచ్చు గానీ, ఆ పన్నెండు కవితలుండగా ఎవరి చేతికిస్తారు? నాకూ అచ్చు రాదు. అలా ఆ గదిలో ముగ్గురం ఉండి, పుస్తకాన్ని చదవగలిగినవాళ్ళం ఒక్కరం లేక, మూడు రోజులు దాన్ని దిండు పక్కన పెట్టుకున్నాం.

ఆదివారం పొద్దున సభ. ‘సామాజిక న్యాయ సాహిత్యం’ అని మైకులో పదిసార్లు చెప్పారు. నేను రాహేలు ఒళ్ళో, గుడ్డసంచిలో అసలు కాగితాలతో పాటు ఉన్నాను. మస్తాన్‌బీ తన కంపెనీ ఆడవాళ్ళు ఐదారుగురితో వెనక వరసలో కూర్చుంది. ఒక కాలేజీ అమ్మాయి పుస్తకం తెరిచి చదివింది.

“పొగాకు వాసన ముందు వచ్చింది. వెనకాల అతను వచ్చాడు.”

చుట్ట తాగే మొగుడు కళ్ళకు కట్టాడు కాబోలు, సభలో నవ్వులు పుట్టాయి. రాహేలు సంచిలోని కాగితాలు తడిమింది. అమ్మాయి తప్పు చదివిందనుకుంది. రెండో కవితలోనూ అతను వచ్చాడు. మూడోదాంట్లో అతను జడ అల్లాడు.

నా లెక్క ప్రకారం ‘వచ్చింది’ చివర తొమ్మిది చుక్కలు, ‘వచ్చాడు’ చివర పది. ఒక్క చుక్క తేడా. దాంతో తొమ్మిదేళ్ళ మనిషి మాయమై మీసాలతో ఎవడో వచ్చి కూర్చున్నాడు.

మాట్లాడమని పిలిచినప్పుడు రాహేలు గొంతు నిలకడగానే ఉంది. “ఈ పుస్తకంలో నేను రాయని మగోడు ఒకడున్నాడు. వాడెవరో నాకు తెలీదు” అంది.

చప్పట్లు కొట్టారు. పురుషాధిక్యం గురించి ఏదో చమత్కారంగా అందనుకున్నారు. అప్పుడామె సంచిలోంచి కాగితాలు తీసి, వేలితో తడుముతూ మూడు కవితలు తను రాసినట్టే చదివింది. చివరి దాంట్లో మస్తాన్‌బీ పేరు ఉంది. దాన్నీ చదివింది. ముందు వరసలో ఒక పెద్దాయన, పాపం చూపు లేదు గదా, తడబడుతోంది అని పక్కవాడికి సర్దిచెప్పాడు. వెనక వరసలో కంపెనీ ఆడవాళ్ళకు మాత్రం తడబాటేమీ కనపడలేదు. కుర్చీలు కదిలిన చప్పుడైంది.

సభ అయ్యాక వేదిక వెనక గదిలో దేవసహాయం గారు చాలాసేపు మాట్లాడాడు. మన మీద పడి ఏడవడానికి లోకం కాచుకుని ఉందన్నాడు. ఇదొక్కటి దొరికితే పల్లె గురించి, బండి కట్టని ఊరి గురించి నువ్వు రాసిందంతా పక్కకు పోతుందన్నాడు. ఆయన గొంతులో భయం నిజమైనదే.

“అట్టయితే ఆ పన్నెండూ తీసెయ్యాల్సింది సార్. మగోణ్ణి ఎందుకు పెట్టారు?”

ఆయన రెండో ముద్రణలో ‘వచ్చారు’ అని మారుద్దామన్నాడు. గౌరవంగా ఉంటుంది, ఆడో మగో తేలదు అన్నాడు.

“మస్తాన్‌బీని నేనేనాడూ మీరు అనలేదు సార్” అంది రాహేలు.

మర్నాటికి కంపెనీ అంతా తెలిసింది. మేస్త్రీ మస్తాన్‌బీని వేరుగా, గోడ వైపు కూర్చోబెట్టాడు. మంగళవారం ఇంటి ఓనరు వచ్చి పిల్లలున్న కొంపలో ఇట్టాంటివి కుదరవన్నాడు. నిన్నటి దాకా పుణ్యం అన్న నోళ్ళే అవి. మస్తాన్‌బీని తీసుకుపోవడానికి వినుకొండ నుంచి ఆమె అన్న వచ్చి వీధిలో నిలబడ్డాడు, లోపలికి రాలేదు.

ఆమె బట్టలు సర్దుకుంటుంటే రాహేలు మంచం మీద నన్ను పట్టుకుని కూర్చుంది. పోవద్దని ఒక్కసారి అంది. తను ఆ రోజు నిజమే చెప్పానని అంది.

మస్తాన్‌బీ చేతులు ఆగాయి. “ఆయనేమో నన్ను మగోణ్ణి చేశాడు. నువ్వేమో నన్ను మైకులో పెట్టావు. మీ ఇద్దర్లో ఒక్కళ్ళన్నా నన్నడిగారా?”

ఇన్నేళ్ళలో నేను ఎన్ని వేల మాటలు మోశానో, ఆ ప్రశ్నకు సరిపడే మాట నా గుంటల్లో లేదు. ట్రంకుపెట్టె గడప దాటిన చప్పుడు విన్నాం.

ఆ తర్వాత రాహేలు కవితలు రాయలేదు. ఒక్క ఉత్తరం రాసింది, ఆరు కాగితాలు, వినుకొండకు. అది ఎవరూ చదవలేరు కాబట్టి మస్తాన్‌బీకి ఏ ప్రమాదమూ లేదు. మస్తాన్‌బీకీ చదవడం రాదు కాబట్టి జవాబూ రాలేదు. ఆ ఉత్తరం తిరిగి కూడా రాలేదు. ఎవరో తీసుకుని దాచారా, పొయ్యిలో పెట్టారా, నాకు తెలియదు.

పుస్తకానికి మాత్రం మంచి రోజులు వచ్చాయి. రెండో ముద్రణకు రాహేలు ఒప్పుకోకపోతే మొదటిదాన్నే పాఠ్యగ్రంథం చేశారు. కవయిత్రి దాంపత్య జీవితంలోని మాధుర్యాన్ని వివరింపుము అని పరీక్షలో ప్రశ్న వచ్చిందట. పెళ్ళే కాని మనిషికి పదిమార్కుల దాంపత్యం.

మాట్లాడే ఫోన్లు వచ్చాక నన్ను పెట్టెలో పెట్టింది. ఆమె రిటైరైన ఏడాది విశ్వవిద్యాలయం గ్రంథాలయంలో సామాజిక న్యాయ సాహిత్యానికి ఒక గది తెరుస్తున్నామని, నన్ను ఇమ్మని కబురు వచ్చింది. రాహేలు ఒక షరతు పెట్టింది. పొగాకు కవిత అసలు కాగితాన్ని నా పక్కనే పెట్టాలి, అది ఎవరి కోసం రాసిందో కింద రాయాలి. సరేనన్నారు. నన్ను అద్దాల పెట్టెలో పెట్టి తాళం వేశారు. కాగితాన్నీ పెట్టారు, కాకపోతే తిరగేసి. చుక్కలు కిందికి, గుంటలు పైకి. సరిగ్గా పెట్టినా అద్దం లోపలున్నదాన్ని ఏ వేలు చదువుతుంది గనక. పెట్టె మీద ‘ముట్టుకోరాదు’ అని రాసి ఉందని, దాన్ని గట్టిగా చదివి నవ్విన ఒక కుర్రాడి వల్ల తెలిసింది. ఆ మాట రాహేలు తాతముత్తాతలకు బాగా తెలిసినదే.

ప్రారంభం రోజు రాహేలు వచ్చింది. కర్ర చప్పుడు గుర్తుపట్టాను. పక్కన దేవసహాయం గారు. ముసలివాడైపోయాడు, దగ్గు వస్తోంది. కాగితం సరిగ్గా పెట్టారా అని ఆమె అడిగింది. బ్రహ్మాండంగా పెట్టారన్నాడు. ఒక్కసారి తాళం తీయించమంది. తాళంచెవి ఉన్నాయన భోజనానికి వెళ్ళాడు.

“అయితే కింద ఏం రాశారో చదవండి సార్.”

ఆయన గొంతు సవరించుకున్నాడు. “ఈ కవితను రాహేలు తన సహచరి మస్తాన్‌బీ కోసం రాశారు.”

రాహేలు అద్దం దగ్గరికి జరిగింది. “ఇంకోసారి చదవండి.”

“ఈ కవితను రాహేలు తన స్నేహితురాలు మస్తాన్‌బీ గురించి రాశారు.”

ఒకే అట్టముక్క, ఒకే వాక్యం. నిమిషం తేడాలో మాటలు రెండు. అచ్చులో ఉన్నది ఈ రెండింటిలో ఏదో, రెండూ కాదో, లోపలున్న నాకు తెలిసే దారి లేదు.

రాహేలు అద్దం మీద అరచేయి ఆనించింది. అద్దం అవతల ఆ చేతి వెచ్చదనం నాకు తెలియలేదు.

“బాగా చదివారు సార్” అంది. కర్ర తిప్పుకుని గుమ్మం వైపు నడిచింది.