ఏకగ్రీవం

పట్టణ సభలో తీర్మానాల పుస్తకం రాసేది నేను. మా దగ్గర ఒక పద్ధతి ఉంది. సభ్యులు గుమ్మంలోనే సంతకం పెట్టి లోపలికి వస్తారు. ఆ సంతకాల పైన సగం పేజీ ఖాళీగా ఉంటుంది. తర్వాత అక్కడ ఏ తీర్మానం రాసినా అందరూ ఒప్పుకున్నట్టే. పదకొండేళ్లుగా రాస్తున్నాను. చీమ కుట్టినట్టయినా ఉండదు.

ఆ రోజు మంచినీళ్ల ట్యాంకర్ల పనిని వేలం లేకుండా బాబాయ్‌కి కట్టబెట్టాలి. బాబాయ్ ఎవరికీ బాబాయ్ కాదు. లారీలూ ఆయనవే, కర్రలు పట్టుకున్నవాళ్లూ ఆయనవాళ్లే, పోలీసులూ ఆయన మనుషులే. అందుకని అందరూ అలా పిలుస్తారు. వేలం ఎగ్గొట్టాలంటే సభ్యులు తొమ్మిదిమందీ సరే అనాలి.

తొమ్మిదో మనిషి మా వదిన. మిషను కుట్టుకునే మనిషిని మా వీధివాళ్లు గెలిపించారు.

గుమ్మంలో పెన్ను ఇస్తే తీసుకోలేదు.

"ముందు రాయి మరిదీ. చదివి వినిపిస్తే పెడతా."

"అందరూ ముందే పెడతారు వదినా."

"అందరూ కొలతలు లేకుండానే కత్తెర వేస్తారేమో. నేను వెయ్యను."

లోపల నవ్వారు. వదిన వచ్చి కూర్చుంది. చైర్మన్ ట్యాంకర్లు బాబాయ్‌కే అనగానే లేచి, "నాకిష్టం లేదు. వేలం పెట్టండి. రాసుకో," అని వెళ్లిపోయింది. సభ అయిదు నిమిషాల్లో ముగిసింది.

"రాయవయ్యా. ఏకగ్రీవం," అన్నాడు చైర్మన్.

"మా వదిన వద్దందండీ."

"అలాగా? నాకు వినపడలేదే. మీకెవరికైనా వినపడిందా?"

తలలన్నీ అడ్డంగా ఊగాయి. కిటికీ దగ్గర కూర్చున్న బాబాయ్ మనిషి కుర్చీ నా దగ్గరికి లాక్కున్నాడు.

"మీ అన్నయ్య తోలేది మా లారీనే కదూ? మంచి డ్రైవరు. రేపట్నుంచి కొండదారిలో వేద్దామనుకుంటున్నాం. బ్రేకులు కాస్త పట్టవు, అంతే."

ఏకగ్రీవం అని రాశాను. నామినేషన్ కాగితాల కోసం వదినకి సంతకం నేర్పింది నేనే. మొదటి అక్షరం పెద్దది, చివరి తోక పైకి. అది కూడా నేనే పెట్టాను.

"చక్కటి రాత," అన్నాడు చైర్మన్.

సాయంత్రం ఇంటికెళ్లేసరికి వదిన సూదిలో దారం ఎక్కిస్తోంది.

"రాశావా, నేను వద్దన్నానని?"

"రాశాను వదినా."

"నాకు తెలుసు. ఆ గదిలో మనిషనేవాడివి నువ్వొక్కడివే." నా వైపు చూసింది. "ఆ చొక్కా గుండీ ఊడింది. విప్పి ఇటివ్వు."

విప్పి ఇచ్చాను.