మూటలో కొత్త బూట్లు

ముందే ఒక మాట ఒప్పేసుకుంటాను. ఆస్పత్రంటే నాకు చచ్చేంత భయం. అందుకే ఈ కథలో భయం ముదిరిన చోటల్లా కాస్త వెటకారానికి దిగుతాను. దాన్ని పట్టించుకోకండి. రలిత్సా భయం మాత్రం నిజం.

రలిత్సా అమ్మమ్మ యోర్దాంకా ట్రోయన్ అనే చిన్న ఊళ్ళో, తన వంటింట్లోనే పడిపోయింది. పొయ్యి మీద మిరపకాయలు కాలుస్తూ, మడమ దగ్గర పట్టు లేని ఉన్ని చెప్పులతో గబుక్కున వెనక్కి తిరిగింది. అంతే, తుంటి విరిగింది. పక్కింటి త్సోన్యా వచ్చేసరికి కుడికాలు పొట్టిదైపోయి, పాదం బయటికి తిరిగిపోయి ఉంది. త్సోన్యా రాకియా సారాలో గుడ్డ తడిపి తుంటికి చుట్టింది.

"కదలకు వదినా. ఎముక దానంతటదే అతుక్కుంటుంది. మా మావయ్యని మేం మంచం దిగనిచ్చామా?" అంది.

ఆ మావయ్య మంచం దిగకుండానే ఆ చలికాలం పోయాడని వీధంతటికీ తెలుసు. అదృష్టం బాగుండి త్సోన్యా కొడుకు అంబులెన్స్ పిలిచాడు.

రలిత్సా రాజధాని సోఫియాలో సాఫ్ట్‌వేర్ ఉద్యోగి. ఇంకొకరు రాసిన ప్రోగ్రాములు ఎక్కడ కూలతాయో ముందే వెతికిపెట్టడం ఆమె పని. ట్రోయన్ బస్సులో కూర్చుని అమ్మమ్మ విషయంలోనూ అదే వెతికింది. రక్తం గడ్డకట్టడం, నిమోనియా, వీపు మీద పుండ్లు, మతి తప్పడం. ఏడాది తిరక్కుండా పోయేవాళ్ళ లెక్క కనబడగానే ఫోన్ సంచిలో పడేసింది. కాసేపటికి మళ్ళీ తీసింది. అమ్మ పోయాక ఆమెకు మిగిలింది ఈ ముసలావిడ ఒక్కతే.

ఆపరేషన్ బాగానే జరిగింది. "లోపల రాడ్డు వేసి బిగించాం, బరువు మోస్తుంది," అన్నాడు డాక్టరు. "రేపే లేపి నిలబెడతాం. పడుకునే ఉంటే ఊపిరితిత్తుల్లో కఫం చేరుతుంది. ఆ తర్వాత మా చేతుల్లో ఏం ఉండదు."

మర్నాడు ఫిజియోథెరపిస్టు ప్లామెన్ వచ్చాడు. ఒడ్డూ పొడుగూ ఉన్న మనిషి, గొంతు మాత్రం పిల్లలకి జోలపాడేవాడిలా మెత్తన.

"లేద్దామా పెద్దమ్మా?"

"నన్ను ముట్టుకున్నావంటే వీధి చివరిదాకా వినబడేలా అరుస్తా."

"అరుస్తూనే లేవండి. ఊపిరితిత్తులకి మంచిది."

"నీకేం నాయనా, నీ కాలు కాదుగా! లోపల దిగ్గొట్టిన ఆ మేకు జారిందంటే?"

ఆవిడ మంచం కడ్డీని పట్టుకున్న పట్టుకి వేళ్ళు తెల్లబడ్డాయి. యోర్దాంకా భయపడటం రలిత్సా పుట్టి బుద్ధెరిగాక ఇదే మొదటిసారి చూడటం. సాయంత్రానికి ఆవిడకి దగ్గు మొదలైంది. తడి దగ్గు. రలిత్సా ఒక్కొక్క దగ్గునీ ఫోన్‌లో చదివినదానితో పోల్చి చూసుకుంటూ కూర్చుంది.

మరుసటి పొద్దున అమ్మమ్మ ప్రశాంతంగా కళ్ళు తెరిచింది. ఆ ప్రశాంతతకే రలిత్సా ఎక్కువ భయపడింది.

"ఒసేయ్, ఇంటికెళ్ళి నా మూట పట్రా."

"ఏ మూట?" అంది రలిత్సా, తెలిసి కూడా.

"వేషాలెయ్యకు. పెట్టెలో ఉంది. వీళ్ళు నన్ను ఆస్పత్రి దుప్పట్లో చుట్టి పంపితే నీకు సరదానా?"

ఆ ఊళ్ళో ఆ వయసు ఆడవాళ్ళందరికీ ఉన్నట్టే యోర్దాంకాకీ చావుమూట ఉంది. ముదురు నీలం గౌను, తలగుడ్డ, మేజోళ్ళు, కొవ్వొత్తి, గోతిలోకి దించేవాళ్ళకి పంచడానికి చేతిరుమాళ్ళు, ఎవరూ తొడగని కొత్త బూట్లు. ఏటా వసంతంలో వాటిని పెరట్లో తాడు మీద ఆరేసేది. గాలికి ఆ గౌను చేతులు ఊపుతుంటే చిన్నప్పుడు రలిత్సా వంటింట్లో దాక్కునేది.

మూట తెచ్చింది. దారి పొడుగునా దాన్ని కోటు కింద దాచుకుంది, ఎవరైనా చూస్తే చావు ఖాయమైపోతుందన్నట్టు. మూటలోంచి సబ్బు వాసన, ఎండిన వాల్‌నట్ ఆకుల వాసన వస్తున్నాయి.

పక్క మంచం ఆవిడ ఆ మూటని గుర్తుపట్టేసింది. "నాది కూడా తెప్పించనా వదినా? జంటగా పోదాం, దారిలో కబుర్లకైనా పనికొస్తాను."

"నీ వాగుడు భరించలేకే ముందు పోతున్నా," అంది యోర్దాంకా. ఆ మాటకే ఆయాసపడి దగ్గింది. ఈసారి దగ్గు చాలాసేపు ఆగలేదు.

ప్లామెన్ వాకరు తోసుకుంటూ వచ్చాడు. దగ్గు విన్నాడు, నవ్వు ఆపేశాడు. "ఇవాళ లేవాల్సిందే. బూట్లేవి?"

మంచం కింద ఉన్నవి ఆ ఉన్ని చెప్పులే, అంబులెన్స్‌లో ఆవిడతోపాటు వచ్చినవి.

"వీటితో లేపను. రెండో తుంటి కూడా విరగ్గొట్టుకుందామనా? మడమ కప్పేవి కావాలి."

రలిత్సా తన బూటు విప్పి పెట్టి చూసింది. వాచిన పాదం సగం కూడా దూరలేదు. అప్పుడు ఆమె చూపు మూట మీద పడింది.

నల్లటి తోలు బూట్లు, మడమ పొట్టి, అడుగున రబ్బరు, తాళ్ళు కట్టుకునేవి. కొన్నరోజు యోర్దాంకా కావాలనే పెద్ద సైజు అడిగింది. "చచ్చాక కాళ్ళు ఉబ్బుతాయే," అని ఆవిడ వివరిస్తుంటే కొట్లో అమ్మాయి ముఖం పాలిపోయింది.

రలిత్సా మూటముడి విప్పింది. చావుబూట్లు తన చేతులతో తొడిగితే తనే సాగనంపినట్టు కాదా? ఇలాంటివి నమ్మనని సోఫియాలో అందరికీ చెప్పుకునే మనిషి తను. వెనక మళ్ళీ ఆ తడి దగ్గు. ఇక ఆలోచించలేదు. మోకాళ్ళ మీద కూర్చుని, ముందు ఎడమకాలికి, తర్వాత వాచిన కుడికాలికి తొడిగింది. సరిగ్గా సరిపోయాయి.

"ఒసేయ్ దరిద్రపుదానా! అవి నేల తాకకూడదే! కొత్తవి కొత్తవిగానే ఉండాలే!"

"అరుస్తూనే ఉండు అమ్మమ్మా," అంటూ రలిత్సా తాళ్ళు బిగించింది. కళ్ళనిండా నీళ్ళు, ఏమీ కనబడటం లేదు.

ప్లామెన్ అప్పటికే ఆవిడ్ని మంచం అంచున కూర్చోబెట్టాడు. నడుము చుట్టూ చెయ్యి వేశాడు. "నామీద కోపాన్నంతా కాళ్ళ మీద పెట్టండి."

యోర్దాంకా లేచింది. ముఖంలో నెత్తురుచుక్క లేదు, పెదాలు బిగిశాయి. ఒక్క క్షణం కళ్ళు పైకి తేలిపోయాయి. అయిపోయింది, నేనే చంపేశాను అనుకుంది రలిత్సా. అంతలో అడుగునుంచి పెకిలించుకొచ్చినట్టు ఒక దగ్గు, గిన్నె నిండా కఫం. ప్లామెన్ దాన్ని బంగారం చూసినట్టు చూశాడు.

"ఒక్క అడుగు."

కొత్త తోలు కిర్రుమంది. యోర్దాంకా వాకరు మీద వేలాడుతూ కిందికి చూసింది.

"మాసిపోయాయి."

"ఇంకో జత కొంటాలే."

"ఏ సైజు కొంటావే? వాపు దిగాలిగా. లొడలొడలాడే బూట్లేసుకుని పైన మీ తాతయ్య ఎదురుగా నిలబడనా?"

"వాపు దిగేదాకా ఆగుదాం."

ముసలావిడ ఆలోచించింది. "ఆగుదాం," అంది విసుగ్గా. ఇంకో అడుగు వేసింది.

రలిత్సా వరండాలోకి వెళ్ళి గోడకి జారబడింది.

తర్వాతి వసంతంలో తాడు మీద గౌను, తలగుడ్డ, మేజోళ్ళు ఆరాయి. బూట్లు లేవు. అవి ఇంట్లో కిర్రుకిర్రుమంటూ తిరుగుతున్నాయి. వాపు దిగి చాలా కాలమైంది, కొత్త జత ఊసు ఇద్దరిలో ఎవరూ ఎత్తరు. ఫోన్లో మాట్లాడుతున్నప్పుడు ఆ కిర్రు చప్పుడు ఆగితే మాత్రం రలిత్సా ఇప్పటికీ ఊపిరి బిగబడుతుంది.

మీ ఇంట్లో ఎవరైనా ఇలా విరిగి లేచారా? తొలిసారి నిలబడ్డప్పుడు వాళ్ళ కాళ్ళకి ఏమున్నాయి, వాళ్ళనెవరు పట్టుకున్నారు? నాకు రాయండి. లేవలేకపోయినవాళ్ళ గురించైనా సరే, రాయండి.