మైనస్ ఎనిమిది

పిల్ల మొదట సరిగ్గానే రాసింది. మైనస్ మూడుకు మైనస్ అయిదు కలిపితే మైనస్ ఎనిమిది. చెరిపించింది తల్లే.

ఆమె కోల్డ్ స్టోరేజీలో సూపర్‌వైజరు. పగలంతా చలిలో నిలబడి, ఒళ్లు పులిసిపోయి ఇంటికొచ్చి ఉల్లిపాయలు తరుగుతోంది. పిల్ల పుస్తకం తెస్తే అటు ఒక చూపు పారేసింది.

"మైనస్సూ మైనస్సూ కలిస్తే ప్లస్సు. ఇంత చిన్న విషయం తెలీదా? చెరిపెయ్."

"మా టీచర్ అలా చెప్పలేదమ్మా," అని నసిగింది పిల్ల.

"అయితే నా చదువంతా నీళ్లపాలయిందంటావా?" అని నెత్తిన ఓ మొట్టికాయ వేసింది. గుణకారం సూత్రాన్ని తెచ్చి కూడికకు తగిలించానని ఆమెకు తట్టనే లేదు. పైగా పిల్ల రబ్బరు తీసుకుంటుంటే కాస్త గర్వపడింది కూడా.

కొన్నాళ్లకు కోల్డ్ స్టోరేజీలో మెకానిక్ అడిగాడు. "మైనస్ పద్దెనిమిది ఉందండీ. ఇంకో రెండు దించమంటారా?"

"దించు, మైనస్ ఇరవైకి తే," అనేసి ఆమె అక్కడే ఆగిపోయింది. ఇంట్లో చెప్పిన లెక్కే నిజమైతే ప్లస్ ఇరవై వచ్చి, లోపలి చేపలన్నీ కంపు కొట్టాలి. నవ్వొచ్చింది. ఆ నవ్వు సగంలోనే చచ్చిపోయింది. పిల్ల పరీక్ష అప్పటికే అయిపోయింది. అందులో మార్కులొస్తేనే లెక్కల పోటీ జట్టులో చోటు. ఏడాదిగా పిల్ల దాని మీదే ప్రాణం పెట్టుకుంది.

మర్నాడు టీచర్ పిలిపించింది.

"చురుకైన పిల్లండీ. అయినా రెండు మైనస్‌ల కూడికలన్నీ తప్పే. ఎవరు నేర్పారంటే, ఎవరూ నేర్పలేదు, నేనే అలా అనుకున్నానంది. దాని చోట్లో ఇంకో అమ్మాయిని వేస్తున్నాను. ఆ అమ్మాయిని ఇప్పుడే పిలిచి చెప్పాలి. ఇంట్లో కాస్త చూసుకోండి."

తల్లికి ముళ్ల మీద కూర్చున్నట్టుంది. నేనే నేర్పానండీ అన్న మాట నాలుక చివరిదాకా వచ్చింది. పదిమందిని అదిలించి పనిచేయించే మనిషి కదా, పరువు అడ్డొచ్చింది. "చూసుకుంటానండీ," అని లేచింది.

గేటు దగ్గర పిల్ల నిలబడి ఉంది. దాని మొహంలోకి చూడలేక రోడ్డు వైపు చూస్తూ చెప్పింది తల్లి.

"నేనే తప్పు చెప్పానే."

"తెలుసమ్మా."

"ఎప్పుడు తెలిసింది?"

"నువ్వు చెరిపెయ్యమన్నప్పుడే."

"మరి పరీక్షలో ఎందుకలా రాశావు?"

పిల్ల సంచి పట్టీ సర్దుకుంది. "పేపరు ఇంటికి తేవాలి కదా. నువ్వు చూస్తే మళ్లీ కోప్పడతావని."

తల్లి వెనక్కి తిరిగి, గబగబా మెట్లెక్కింది. టీచర్ బల్ల మీద కాగితాలు సర్దుతోంది.

"అది నేర్పింది నేనేనండీ. పిల్ల తప్పేం లేదు."

టీచర్ కాగితాలు పక్కన పెట్టింది. "ఇందాకే చెప్పాల్సిందండీ. ఆ అమ్మాయికి ఇప్పుడే చెప్పేశాను. గెంతుకుంటూ వెళ్లింది. మళ్లీ పిలిచి కాదని ఎలా చెప్పను?"

తల్లి కాళ్లీడ్చుకుంటూ కిందికి దిగింది. పిల్ల ఆమె మొహం చూసి అంతా గ్రహించింది.

"పోన్లే అమ్మా," అంది మెల్లగా, కోప్పడకమ్మా అని బతిమాలుతున్నట్టు.