జవాబు అనే భాష

కళోత్సవానికి వచ్చిన దరఖాస్తుల్లో ఒకటి బోధన్ నుంచి వచ్చింది. కళారూపం అన్నచోట ‘పాట’ అని, కళాకారులు అన్నచోట ‘నాగవ్వ, రుక్మాబాయి. బీడీలు చేస్తరు’ అని, భాష అన్నచోట ‘జవాబు’ అని రాసి ఉంది. పెద్ద అక్షరాలు, కాగితం వెనక తేలేటంత ఒత్తి రాసినవి.

నా సహాయకుడు సురేందర్ దాన్ని బల్ల మీద పెట్టి నవ్వాడు.

“భాష ఏందంటే జవాబని రాసిండ్రు మేడం. ఈడ జవాబు రాయాలె అని ఎవలన్న చెప్పినట్టున్నరు. గదే రాసిండ్రు.”

నేనూ నవ్వాను. జిల్లాలో వినిపించే భాషలన్నింటి కళలను ఒక వేదిక మీదికి తేవడం మా కమిటీకి అప్పగించిన పని. తెలుగుకు కొంత సమయం, ఉర్దూకు కొంత, మరాఠీకి కొంత, లంబాడీ పాటకు కొంత. ఎవరి వాటా ఎంతో నిర్ణయించేది నేను. ఒకరికి ఎక్కువై ఇంకొకరికి తక్కువైతే అది నాకు నెలల తరబడి గుర్తుంటుంది. ఆ గుణాన్ని నేను న్యాయబుద్ధి అనుకునేదాన్ని.

దరఖాస్తులో రెండు పేర్లున్నాయి. ఒకటి తెలుగు పేరు, ఒకటి మరాఠీ పేరు. ‘జవాబు’ను కొట్టివేసి, నాగవ్వకు తెలుగు విభాగంలో పది నిమిషాలు, రుక్మాబాయికి మరాఠీ విభాగంలో పది నిమిషాలు వేశాను. ఒక్క అవకాశం అడిగినవారికి రెండు ఇచ్చానన్న తృప్తి కూడా కలిగింది. కాగితం కింద ఫోన్ నంబరు ఉంది. చేయలేదు. అర్థమైందనుకున్న మనిషి అడగడు.

ఉత్సవానికి మూడు రోజుల ముందు బోధన్‌లోని ఒక ఫంక్షన్ హాల్లో రిహార్సల్ పెట్టాం. తెలుగు విభాగంలో నాగవ్వ వంతు వచ్చింది. అరవై దాటిన మనిషి. వేదిక మీద బాసింపట్టు వేసి కూర్చుంది. సురేందర్ మైకు ఆమె నోటి ఎత్తుకు దించాడు. ఆమె మైకును చూసింది, మమ్మల్ని చూసింది.

“పాడు అవ్వా,” అన్నాను.

“ఎవలడిగిండ్రని పాడాలె బిడ్డా?”

“నేనడుగుతున్న గద!”

“నువ్వు పాడుమని అడుగుతున్నవు. గది అడుగుడు గాదు.”

హాల్లో ఎవరో కిసుక్కున నవ్వారు. మైకు ముందు బెదిరిందనుకుని, కాసేపు బయట కూర్చుని రమ్మన్నాను. ఆమె కొంగు దులుపుకుని వెళ్లిపోయింది.

గంట తరువాత మరాఠీ విభాగంలో రుక్మాబాయి వచ్చింది. ఆమెకు బెదురు లేదు. కూర్చుంటూనే గొంతెత్తింది.

“సాంగ్ సఖే, పాయ్ నాహీ జ్యాలా, తో గావోగావ్ కసా గేలా?”

కాళ్లు లేనిది ఊరూరూ ఎలా తిరిగింది, చెప్పవే సఖీ అని దాని భావం. మంచి కంఠం. చివరి అక్షరాన్ని పైకి లాగి, అక్కడే వదిలేసి, చేతులు ఒళ్లో పెట్టుకుంది. మేము ఎదురుచూశాం. ఆమె కూడా ఎదురుచూస్తోంది.

“పాడున్రి బాయ్,” అన్నాడు సురేందర్.

“పాడిన గద సాబ్. మాఝం ఝాలం. నాది అయిపోయింది.”

“ఒక్క లైనేనా? పది నిమిషాలున్నయి మీకు.”

“పది నిమిషాలు ఇదే అడగమంటరా? మంది కొడతరు.”

అప్పుడు తలుపు బయట నుంచి, ఎవరూ పిలవకుండానే, నాగవ్వ అందుకుంది.

“జేబుల కూసుండి ఊరూరు తిరిగెనమ్మా, నడుముకు దారం కట్టి నాయినతోని పోయెనమ్మా, నోట్ల నిప్పు వెట్టుకోని పొగయి కలిసెనమ్మా!”

బీడీ. హాలంతా చప్పట్లు కొట్టింది. రుక్మాబాయి వెనక్కి తిరిగి చూడలేదు. వెంటనే రెండో ప్రశ్న వేసింది. తలుపు అవతల నుంచి రెండో జవాబు వచ్చింది.

నేను లేచి వెళ్లి నాగవ్వను లోపలికి తీసుకొచ్చాను. ఇద్దరూ ఎదురెదురుగా కూర్చున్నాక అడిగాను.

“భాష కాడ జవాబని ఎందుకు రాసినవవ్వా?”

“మరేం రాయాలె? ఆమె మరాఠీల అడుగుతది, నేను తెలుగుల చెప్త. ఒక్కోపారి నేనడుగుత, ఆమె చెప్తది. ఏ భాష అంటే ఏం జెప్పుడు? జవాబు అంటే ఆమెకు సమజైతది, నాకు సమజైతది, మా గల్లీల ఉర్దూ మాట్లాడెటోళ్లకు గూడ సమజైతది. అందరికి తెల్సిన మాట గదా అని రాసిన.”

“అడిగిన మాటను మల్ల తన భాషల చెప్పుకోవద్దు మేడం,” అంది రుక్మాబాయి. “చెప్పుకున్నదంటే ఓడినట్టే. ఇని, సీదా జవాబియ్యాలె.”

ముప్పై ఏళ్లుగా ఒకే అరుగు మీద, చాటలు ఒళ్లో పెట్టుకుని, తునికాకులో పొగాకు చుడుతూ పాడుకున్న పాటలవి. చేతులు ఆగకుండా, కన్ను వాలకుండా ఉండడానికి పాడుకున్నారు. బయటివాళ్ల ముందు ఎన్నడూ పాడలేదు.

“ఒక్కపారి మంది ముంగట కూసోని పాడుదమనుకున్నం,” అంది నాగవ్వ. “ఇద్దరం ఒక్కకాడ కుదరదంటే మా పేర్లు కొట్టెయ్యి బిడ్డా. ఒక్కదాన్ని కూసుంటే నాకు పాటనే రాదు. రాదంటే నిజంగనే రాదు.”

కార్యక్రమ పత్రం అప్పటికే అచ్చయింది. ఆ సాయంత్రం నిజామాబాద్ తిరిగి వస్తూ బస్సు కిటికీ పక్కన కూర్చుని ఆలోచించాను. సమానంగా పంచడం న్యాయమని నేను నమ్ముతాను, ఇప్పటికీ. కాని పంచే ముందు, చేతిలో ఉన్నది ఒకటా, రెండా అని చూడాలి. నేను పేర్లు చూసి రెండనుకున్నాను. వాళ్ల అరుగు మీద లేని గీతను నా బల్ల మీద గీశాను. అందులో ద్వేషం లేదు, నిర్లక్ష్యం కూడా లేదు. శ్రద్ధతోనే చేశాను. అదే నన్ను ఎక్కువగా బాధించింది.

కమిటీ అధ్యక్షురాలు శ్యామలమ్మ గారికి ఫోన్ చేశాను. ఆమె పూర్వం ప్రధానోపాధ్యాయురాలు. తప్పులు దిద్దడంలో మొహమాటం లేని మనిషి.

“రెండు పదులు కలిపి, రెండు విభాగాల నడుమ ఇరవై నిమిషాలు ఇద్దామంటున్నా మేడం.”

“బాగుంది. రిపోర్టుల ఏ గడిల రాస్తవ్? తెలుగా, మరాఠీయా?”

“నడుమ గీత మీద రాస్తా.”

“గీత మీద అక్షరం పడుతుందా?”

“చిన్నగ రాస్తా మేడం.”

 ఆవల నవ్వు వినిపించింది. “సరే కానియ్యి. కాని రెండు విభాగాల వాళ్లకు నువ్వే పోయి చెప్పు. తప్పు ఎవరిదో గూడ చెప్పు.”

చెప్పాను. మరాఠీ భజన మండలి పెద్దాయన నా మాట పూర్తికానివ్వలేదు. “అరే, నాగవ్వ రుక్మాబాయిల జవాబులా? మా ఇంటెన్కనే పాడుతరు. మీకు తెల్వదా?” అన్నాడు. తెలుగు విభాగం వాళ్లకూ తెలుసు. తెలియనిది, సమయం పంచే నాకే.

ఉత్సవం రోజు ఎండ తగ్గాక వాళ్లు వేదిక ఎక్కారు. వ్యాఖ్యాత ఏ భాషని చెప్పాలో తెలియక పేర్లు మాత్రమే చదివాడు. మొదటి మూడు జవాబులూ చురుగ్గా నడిచాయి. నాలుగోసారి రుక్మాబాయి, ముందెన్నడూ వేయని ప్రశ్న ఒకటి వేసింది.

“ఘరాత్ అసూన్ ఘరచం నాహీ, తే కాయ్ గ బాయ్?”

ఇంట్లో ఉండి ఇంటిది కానిదేమిటి? నాగవ్వ నోరు తెరిచి మూసింది. కళ్లు పెద్దవి చేసి రుక్మాబాయిని చూసింది. జనం గుసగుసలు మొదలుపెట్టారు. మూడో వరుసలో టోపీ పెట్టుకున్న ఒక ముసలాయన లేచి, కొంత రాగం తీసి, ఉర్దూలో అన్నాడు.

“కిరాయేదార్ హై బాయీ, కిరాయేదార్!”

అద్దెకున్నవాడట. పందిరి కదిలేటట్టు నవ్వారు. రుక్మాబాయి కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వింది. ఆ తరువాత ప్రశ్నలు వేదిక మీది నుంచి కిందికీ, కింది నుంచి పైకీ నడిచాయి. ఇరవై నిమిషాలు దాటిపోయాయి. సురేందర్ నా వైపు చూసి చేతి గడియారం తట్టాడు. మరాఠీ మండలి పెద్దాయన కూర్చోమన్నట్టు అతనికి సైగ చేశాడు.

చీకటి పడకముందే ఇద్దరినీ ఆటో దాకా సాగనంపాను. దారి పొడుగునా వాళ్లు నన్ను పట్టించుకోలేదు.

“ఆయినె జవాబు లెక్కకు రాదు,” అంది రుక్మాబాయి. “నేను నీడ అనుకున్న. సావలీ.”

“నువ్వేమనుకుంటె గది ఎట్లయితదే? కిరాయకున్నోడు ఇంట్ల ఉండడా? ఇల్లు ఆయినదా?”

“పాడలే గ ఆయన. ఉత్తగ అన్నడు.”

“రాగం తీసిండు. నీ చెవులల్ల తంబాకు నిండింది.”

“తుఝ్యా కానాత్! నీ చెవులల్లనే నిండింది!”

ఆటో ఎక్కాక కూడా ఒకరు తెలుగులో, ఒకరు మరాఠీలో పోట్లాడుతూనే ఉన్నారు. డ్రైవరు వెనక్కి తిరిగి, కిరాయేదారే సరైనదని ఉర్దూలో తీర్పు చెప్పాడు. ఇద్దరూ కలిసి అతన్ని తిట్టారు. ఆటో కదిలి మూల మలుపు తిరిగేదాకా నేను అక్కడే నిలబడి విన్నాను.